ప్రాకినవాడు, అడ్డుకొన్నవాడు

1991 వేసవిలో న్యూయార్కు నగరంలో ఒక నల్లజాతి మనిషి నల్లని సూటు తొడుక్కొని, టాంప్‌కిన్స్ స్క్వేర్ అనే ఉద్యానవనం అంచువెంట, రోడ్డుకూ కాలిబాటకూ నడుమ మురుగు పారే పల్లంలో బోర్లపడుకొని ప్రాకినాడు. ఒక చేతిలో చిన్న పూలకుండీ పట్టుకొన్నాడు. మోచేతులు, మోకాళ్లు నేలకు ఆనించి, వాటి బలంతోనే అంగుళమంగుళంగా ముందుకు జరిగినాడు. వెంట కెమెరా పట్టుకొని ఒక తెల్లవాడు నడుస్తున్నాడు.

కొంతదూరం పోయేసరికి ఆ పేటలో కాపురముండే మరొక నల్లజాతివాడు ఎదురుపడినాడు. నేలపై ఉన్నవానికి ఏదో ఆపద వచ్చినదనుకొని మొదట క్షేమం అడిగినాడు. బాగానే ఉన్నానని జవాబు వచ్చింది. అప్పుడు అతనికి కెమెరా కంటపడింది. నల్లవారిని ఈ తీరున చూపడం ఎందుకని కెమెరావానిని నిలదీసినాడు. ప్రాకుతున్నవాని దుస్తులు చూచిన కొద్దీ అతని బాధ పెరిగింది. తాను కూడ అటువంటి సూటే తొడుక్కొని పనికి పోతానన్నాడు. చివరకు పోలీసులు కూడ వచ్చినారు.

ఈ సంవాదమంతా వీడియోలో నిలిచి ఉన్నది. ప్రాకినవాడు దానిని కత్తిరించి పారవేయలేదు. తన పని ఎట్లా సాగినదో, ఎవరు ఎట్లా అడ్డుకొన్నారో, అంతా ఉన్నదున్నట్లు లోకానికి చూపినాడు. అతని పేరు విలియం పోప్.ఎల్. తండ్రి ఇంటిపేరు పోప్. తల్లి పుట్టింటి పేరు లాంకాస్టర్‌లోని మొదటి అక్షరాన్ని దానికి తగిలించుకొని, మధ్య ఒక చుక్క పెట్టి, తన పేరును తానే కూర్చుకొన్నాడు. 1955లో న్యూజెర్సీ రాష్ట్రంలోని న్యూవార్కులో పుట్టి, 2023 డిసెంబరు 23న షికాగోలో కన్నుమూసినాడు. ఇరువదియేండ్లపాటు మెయిన్ రాష్ట్రంలో బేట్స్ కళాశాలలో నాటకమూ వాక్కళా బోధించిన అధ్యాపకుడు. 2010 నుండి షికాగో విశ్వవిద్యాలయంలో చిత్రకళాశాఖలో పాఠాలు చెప్పినాడు. నలుబదియేండ్లకు పైగా ఈ రకమైన పనులు చేసినా, అందులో అధికభాగం వీథిన పోయేవారికి తప్ప ఇతరులకు తెలియకుండానే గడచిపోయింది. పెద్ద ప్రదర్శనశాలలు అతనికి తలుపులు బార్లా తెరచింది చివరి దశకంలోనే.

ఇది కళా అని మన బడులలో, కళాశాలలలో అడిగేవారు ఉంటారు. అడగవలసిందే. పెద్దచదువులు చదివిన మనిషి మురుగులో ప్రాకితే ముక్కుమీద వేలు వేసుకోకుండా ఉండడం కష్టం. అయితే ఈ ప్రశ్నకు తొందరపడి జవాబు చెప్పుకొని పక్కకు తప్పుకొంటే, దానికంటె లోతైన మరొక ప్రశ్న చేజారుతుంది. ఆ పేటవాడు అడిగింది ఇది కళా కాదా అని కాదు. మమ్ములను ఇట్లా చూపే అధికారం నీకెవరిచ్చినారు అని.

నేలమీద ప్రాకడమనేది మనకు తెలియని పని కాదు. తిరుమలలో తెల్లవారుజామున తడిబట్టలతో అంగప్రదక్షిణం చేసేవారిని చూచి నవ్వినవారెవరూ లేరు. దేవుని ఎదుట నేలకు తాకిన దేహం ఎవరినీ చిన్నబుచ్చదు. ఇక రెండవరకం ప్రాకడం కూడ ఈ దేశానికి తెలుసు. 1919 ఏప్రిల్‌లో అమృతసర్‌లో ఒక క్రైస్తవ మిషనరీ స్త్రీపై దాడి జరిగిన సందులో, భారతీయుడెవడూ నిలబడి నడవరాదని, ప్రాకుతూనే పోవలెనని జనరల్ డయ్యరు ఆజ్ఞాపించినాడు. జలియన్‌వాలాబాగు కాల్పులు జరిగి వారం తిరగకమునుపే వచ్చిన ఆజ్ఞ అది. ఆ సందులో ఇండ్లున్నవారు పాలకో, మందుకో పోవలెనన్నా సైనికుల బాయినెట్ల నడుమ పొట్టమీద జరగవలసివచ్చింది. కాల్పులు ప్రాణాలను తీసినవి. ఈ ఆజ్ఞ బ్రతికి ఉన్నవారి వెన్నెముకను తీయజూచింది. చరిత్ర చెప్పే ఉపాధ్యాయులు కాల్పులను గురించి చెప్పినంత వివరంగా ఈ సందును గురించి చెప్పరు. చెప్పవలసి ఉన్నది.

మూడవరకం ఒకటున్నది. 1990 మార్చిలో వాషింగ్టన్ నగరంలో అంగవైకల్యం కలవారు పలువురు తమ చక్రాలబండ్లను కిందనే విడిచిపెట్టి, శాసనసభాభవనపు మెట్లను చేతులతో, మోకాళ్లతో ప్రాకి ఎక్కినారు. తమకోసం రావలసిన చట్టం ఆలస్యమవుతున్నదని వారి ఆగ్రహం. అదే యేడు జూలైలో ఆ చట్టం వచ్చింది. ఆ మెట్లమీద ప్రాకినవారిని చూచి సిగ్గుపడవలసినది వారు కారు, మెట్లు కట్టినవారు.

పోప్.ఎల్. ప్రాకడం ఈ మూడింటిలో దేనికీ చెందదు. అతనికి ఎదుట దేవుడు లేడు. వెనుక తుపాకి లేదు. చేతిలో అర్జీ లేదు. అందుకే చూచేవారికి దిక్కుతోచదు. అతడు ఈ పని మొదలుపెట్టింది 1978లో, న్యూయార్కులోనే, టైమ్స్ స్క్వేర్ దగ్గర. అప్పుడూ సూటే తొడుక్కొన్నాడు. వీపున పసుపుపచ్చని చదరపు గుడ్డ ఒకటి కుట్టించుకొన్నాడు. ఆ తరువాత ముప్పయికి పైగా ఇటువంటి ప్రాకుళ్లు జరిపినాడు. అతని కుటుంబంలోనే ఇల్లూవాకిలీ లేక వీథిపాలైనవారు ఉన్నారు. నిలువుగా నిలబడగలగడమే ఒక సంపద అనీ, ఆ సంపద ఉన్నవాడు దానిని కాసేపు వదులుకొంటే ఏమి జరుగుతుందో చూడవలెననీ అతని ఆలోచన. నిలబడి నడిచేవాని కళ్లకు కాలిబాటపై పడుకొన్నవాడు కనబడడు. కనబడినా రాయీరప్పా కనబడినట్లే కనబడతాడు. అదే మనిషి కదిలితే, పైగా సూటు తొడుక్కొని కదిలితే, కాళ్లు ఆగుతవి.

టాంప్‌కిన్స్ స్క్వేర్‌ను అతడు ఎన్నుకోవడానికి కారణం ఉన్నది. ఆ ఉద్యానవనం ఇండ్లులేనివారికి చాలకాలం నివాసంగా ఉండేది. 1988 ఆగస్టులో వారినీ వారి పక్షం వహించినవారినీ పోలీసులు లాఠీలతో చెదరగొట్టినారు. 1991 జూన్‌లో, మరమ్మతుల పేర, ఉద్యానవనాన్నే మూసివేసి అందరినీ వెళ్లగొట్టినారు. ఆ వేసవిలోనే ఇతడు దాని అంచువెంట ప్రాకినాడు. ఈ సంగతి తెలిసినవారికి ఆ పూలకుండీ ఎందుకో కొంత బోధపడుతుంది: తోటలోనికి పోనివ్వనివాడు తన తోటను చేతిలో పట్టుకొని బయలుదేరినాడు.

ఇక్కడ మన ప్రాచీన గ్రంథాలలోనిదే ఒక కథ జ్ఞాపకం వస్తుంది. నాట్యశాస్త్రం మొదటి అధ్యాయం చదివినవారికి అది తెలిసినదే, చదవనివారికోసం చెప్పుకొనదగినది. ఇంద్రధ్వజోత్సవం జరుగుతున్నది. భరతుడు తన నూర్గురు పుత్రులతో లోకంలో మొట్టమొదటి నాటకప్రయోగాన్ని ఆరంభించినాడు. కథ, దేవతల చేతిలో దైత్యుల ఓటమి. చూచిన దేవతలు ఆనందించి కానుకలిచ్చినారు. కాని అదే సభలో దైత్యులు కూడ ఉన్నారు. తమ ఓటమిని తమ ఎదుటనే ఆడి చూపితే వారు ఓర్చుకోలేకపోయినారు. విరూపాక్షుని ముందుంచుకొని విఘ్నాలను రేపినారు. నటుల మాట తడబడింది, నడక ఆగింది, జ్ఞాపకం చెడింది. ఇంద్రుడు ధ్వజదండంతో వారిని చితకబాదినాడు; ఆ దండానికే జర్జరమని పేరు వచ్చింది. అయినా అల్లరి ఆగలేదు. అప్పుడు బ్రహ్మ విశ్వకర్మచేత నాట్యగృహం కట్టించి, మూలమూలకూ ఒక దేవతను కాపలా పెట్టినాడు.

ఈ కథను బోధించేటప్పుడు విఘ్నాలను దుష్టశక్తులుగా చెప్పి ముందుకు సాగిపోవడం వాడుక. కాని కథ అక్కడ ఆగదు. బ్రహ్మ ఆ విఘ్నాలను పిలిచి, నాటకాన్ని ఎందుకు పాడుచేయజూస్తున్నారని అడిగినాడు. విరూపాక్షుడు జవాబు చెప్పినాడు. నీవు దేవతల కోరికమీద కల్పించిన ఈ విద్య మాకు తలవంపులు తెచ్చింది, నీవు దేవతలకెంతో మాకూ అంతే గదా, నీవే ఇట్లా చేయవచ్చునా అని అతని ప్రశ్న. బ్రహ్మ కోపించలేదు. నాట్యం ఒక్క మీదే కాదు, ఒక్క దేవతలదే కాదు, మూడు లోకాల భావాలనూ అనుకరించేదని నచ్చజెప్పినాడు. అంటే, మన శాస్త్రం ప్రకారం లోకంలో మొదటి నాటకానికే అభ్యంతరం వచ్చింది. ఆ అభ్యంతరం చెప్పినవాడు ఆ నాటకంలో చిత్రింపబడిన జాతివాడు. దానికి జవాబుగా చెప్పిన మాటలే నాట్యానికి నిర్వచనమైనవి. విరూపాక్షుడు అడగకపోతే ఆ నిర్వచనం పుట్టేది కాదు.

టాంప్‌కిన్స్ స్క్వేర్‌లో అడ్డుకొన్న మనిషి అడిగిన ప్రశ్నకూ, విరూపాక్షుని ప్రశ్నకూ భేదం ఏమున్నది? భేదమల్లా ఒక్కటే. విశ్వకర్మ కట్టిన గోడలు ఇక్కడ లేవు. ప్రేక్షకుడు టిక్కెట్టు కొని, చీకటిలో కూర్చుని, ఇది ఆట అని ముందుగా ఒప్పుకొని చూడలేదు. పనికి పోయివచ్చే దారిలో అతని మీద ఆట పడింది.

మన అలంకారికులు ఈ విషయాన్ని ఎంత సూక్ష్మంగా చర్చించినారో తలచుకొంటే ఆశ్చర్యం కలుగుతుంది. రంగస్థలం మీది దుఃఖం ఒకానొక వ్యక్తి దుఃఖంగా కాక అందరి దుఃఖంగా మారితేనే రసమవుతుందని భట్టనాయకుడు చెప్పినాడు. దానికి సాధారణీకరణమని పేరు పెట్టినాడు. అభినవగుప్తుడు ఆ దారినే పోయి, రసానికి అడ్డువచ్చే విఘ్నాలు ఏడింటిని లెక్కపెట్టినాడు. అందులో ఒకటి, చూచేవాడు ఎదుట కనబడేదానిని ఇది నాదే అనిగాని, ఇది వానిదే అనిగాని గిరిగీసుకోవడం. అట్లా గిరి గీసినవాడు భయపడతాడు, సిగ్గుపడతాడు, కోపగించుకొంటాడు. రసం మాత్రం పొందడు. ఇది నా సూటు అన్న క్షణాన ఆ పేటవాడు చేసింది సరిగ్గా అదే. శాస్త్రం ప్రకారం అక్కడ రసభంగం జరిగింది. పోప్.ఎల్. పనిలోని పట్టు ఏమంటే, ఆ భంగాన్నే అతడు వస్తువుగా స్వీకరించినాడు. మన భాషలో ప్రయోగమనే మాటకు నాటకం ఆడడమనీ, కొత్తదానిని పరీక్షించి చూడడమనీ రెండర్థాలున్నవి. ఇతని విషయంలో ఆ రెండూ విడదీయరానివి.

అయితే ఈ పరీక్ష ఎవరిమీద జరిగింది? దీనిని దాటవేసి అతనిని ఆకాశానికి ఎత్తడం న్యాయం కాదు. తాను ఎన్నుకొన్న అవమానాన్ని కళాకారుడు ఆ పూటకు దులుపుకొని లేచిపోగలడు. అతనికి కళాశాలలో ఉద్యోగమున్నది. ఎన్నుకోకుండానే అవమానం అంటుకొన్నవాడు లేచి ఎక్కడికి పోతాడు? ఆనాటి దెబ్బ తగిలింది ఇండ్లులేనివారిని వెళ్లగొట్టిన అధికారులకు కాదు, పక్క ఇంటి నల్లవానికి. గురి తప్పిన బాణమని అనేవారిని తప్పుపట్టలేము. పోప్.ఎల్. పక్షాన చెప్పదగినది ఒకటే ఉన్నది. అది చిన్నది కాదు. గురి తప్పిన సంగతిని అతడు దాచలేదు. తన్ను తప్పుపట్టినవాని మాటను తన కృతిలో అంతర్భాగం చేసినాడు. ఆ చిత్రం చూచినవారికి ప్రాకినవాని కంటె అడ్డుకొన్నవాడే ఎక్కువకాలం జ్ఞాపకముంటాడు.

అతని ఇతర కృతులలో కొన్ని గురి తప్పనివి. న్యూయార్కులో డబ్బిచ్చే యంత్రాల దరిదాపులలో యాచకులు ఉండరాదని ఒక చట్టం వచ్చింది. 1997లో ఇతడు డాలరు నోట్లతో కుట్టిన లంగా కట్టుకొని, ఒక బ్యాంకు తలుపుకు తన్ను తాను గొలుసుతో కాక, పంది మాంసపు సాసేజీల దండతో కట్టుకొని నిలిచినాడు. వచ్చేవారిని అడుక్కోవడానికి కాదు. ఆ నోట్లను వారికే పంచిపెట్టడానికి. పోలీసులు వచ్చి వెళ్లగొట్టినారు. అడుక్కొనేవాడిని చట్టం ఎరుగును, ఇచ్చేవాడిని ఏమి చేయవలెనో ఎరుగదు. ఈ ఒక్క పనిలో ఉన్న హాస్యం, చురుకు, మన పగటివేషగాండ్లకు కూడ నచ్చి ఉండేవి. అంతకు పూర్వం, 1978లో, పెద్ద చిత్రశాలలున్న భవనం ముందు వాకిట పసుపు గుడ్డమీద కూర్చుని, చుట్టూ అగ్గిపుల్లలు పేర్చుకొని, పేదల పేటలలో అమ్మే చౌక ద్రాక్షసారాయిని ఒంటిమీద పోసుకొన్నాడు. 1963లో సైగాను వీథిలో తన్ను దహించుకొన్న బౌద్ధభిక్షువు చూచేవారికి జ్ఞప్తికి రాక మానడు. చిత్రశాల ఉద్యోగి వచ్చి అక్కడ ఉండరాదన్నాడు. ఇతడు మారుమాటాడక లేచిపోయినాడు. పుల్ల గీయలేదు.

2000లో వాల్ స్ట్రీట్ జర్నల్ పత్రికను ముక్కలు ముక్కలుగా చింపి, పాలతోనూ టొమాటో పచ్చడితోనూ నమిలి ఉమ్మివేసిన ప్రదర్శన ఒకటి ఉన్నది. ఆ పత్రికకు చందా కడితే చాలు సంపద పెరుగుతుందన్నట్లు సాగిన ప్రకటనలను ఎగతాళి చేయడం ఉద్దేశం. అంత ఎత్తు పీఠం, అంత సరంజామా ఉండి కూడ అది బ్యాంకు తలుపు దగ్గరి పనికి సాటిరాదు. 2001లో మొదలై 2009 దాకా విడతలుగా సాగిన బ్రాడ్‌వే ప్రాకుడు కూడ, పేరు ఎక్కువ వచ్చినా, పదును తక్కువైనది. ఇరువదిరెండు మైళ్ల దారి. సూటు స్థానంలో సూపర్‌మాన్ వేషం, వీపున చక్రాలపలక. ఒక్కొక్క విడతలో ఓపిక ఉన్నంత దూరమే. శారీరకంగా అది ఎంత కఠినమో ఊహించవచ్చును. కాని వేషం చూడగానే ఇది ఆట అని దారిన పోయేవానికి తెలిసిపోతుంది, నవ్వి పోతాడు. అందరూ తొడుక్కొనే సూటులో ఉన్న ప్రమాదం ఎర్ర లాగులో లేదు.

ప్రభుత్వం కూడ ఒకమారు అతనికి అడ్డు వచ్చింది. అతని ఇరవైయేండ్ల కృషిని ఒకచోట చూపడానికి మెయిన్ రాష్ట్రంలోని కళావిద్యాలయం తలపెట్టిన ప్రదర్శనకు సిఫారసైన జాతీయ కళానిధి సహాయాన్ని 2001 చివర ఆ సంస్థ తాత్కాలికాధిపతి నిరాకరించినాడు. ఇతర సంస్థలు పూనుకొని డబ్బిచ్చినవి, ప్రదర్శన జరిగింది. ఈ అడ్డుకీ, టాంప్‌కిన్స్ స్క్వేర్‌లోని అడ్డుకీ పోలిక కుదరదు. ఒకటి గాయపడినవాని గొంతు. మరొకటి దస్త్రంమీద సంతకం.

2019లో న్యూయార్కు ఆధునిక కళామ్యూజియం అతని పనులతో పెద్ద ప్రదర్శన ఏర్పాటు చేసింది. అదే యేడు సెప్టెంబరులో, సుమారు నూటనలువదిమంది సామాన్యులు, కళ్లకు గంతలు కట్టుకొని, చేత దీపం పట్టుకొని, మైలున్నర దూరం వంతులవారీగా ప్రాకినారు. ఏర్పాట్లన్నీ ఒక సంస్థవి. వాషింగ్టన్ స్క్వేర్ తోరణం కిందుగా ఊరేగింపువలె సాగింది. వయస్సు, దేహస్థితి, వర్ణం వేరువేరుగా ఉన్న వారందరూ తమ నిలువును కాసేపు వదులుకొన్నారు. చూడ ముచ్చటే. కాని అనుమతి పొందిన ప్రాకుడు అది. ముందుగానే అందరికీ తెలిసినది. గోడలులేని చోట మొదలైన ఆటకు విశ్వకర్మ మెల్లగా వచ్చి మరల గోడలు కట్టినట్లయింది. దానికి కళాకారుని ఒక్కనినే తప్పుపట్టనక్కరలేదు. అరువదినాలుగేండ్ల దేహం మురుగులో ఎంతదూరం జరగగలదు? పైగా అధ్యాపకుడు తాను చేసినదానిని ఇతరులచేత చేయించి నేర్పించడం వృత్తిధర్మమే.

1991 నాటి ఆ చిత్రాన్ని నేడు మ్యూజియంలో చూచేవారు శుభ్రమైన నేలమీద, నిలబడి చూస్తారు. కింద పలకలో కళాకారుని పేరు, సంవత్సరం ఉంటవి. అడ్డుకొన్నవాడు అందులో పేరులేని పాత్ర. అతని కోపాన్ని గురించి వ్రాసినవారు చాలమంది ఉన్నారు. కోపానికి ముందు, కెమెరా కంటపడకముందు, అతడు పనిమీద పోతున్నవాడల్లా ఆగి, మురుగులో పడి ఉన్నవాని దగ్గరకు వచ్చి, బాగున్నావా అన్నా అని అడిగినాడు. ఆ ఉద్యానవనం చుట్టూ అప్పటికి ఎన్నో యేండ్లుగా మనుషులు నేలమీద పడుకొంటూనే ఉన్నారు.